పొలం పేరు సీసా మీద ఉంది, మన బస్తా మీద ఎందుకు లేదు?



పై వీడియోలో మా కల్లం, పొట్టు తీసే మిషను, గోనె సంచుల్లో నిల్వ పెట్టిన దేశవాళీ వడ్లు అన్నీ చూశారు కదా. ఆ వీడియో చివర్లో నేను ఒక మాట అన్నాను: "విస్కీ చేసేవాళ్ళకి వాళ్ళ బార్లీ మీద ఉన్న పట్టింపు, మనకి మన బియ్యం మీద లేదు" అని. అంతే, ఆ వీడియో పెట్టిన దగ్గర్నుంచి ఫోన్లే ఫోన్లు. "ఏమయ్యా, జీవామృతం గురించి చెప్పేవాడివి మందు గురించి మాట్లాడతావేంటి?" అని ఒక పెద్దాయన గట్టిగానే కోప్పడ్డారు. ఆయన కోపంలో న్యాయం ఉంది. రెండు ముక్కల్లో చెప్పి వదిలేసే సంగతి కాదది. అందుకే ఇక్కడ తీరిగ్గా రాస్తున్నాను.

ముందే ఒక మాట చెప్పేస్తాను. నేను తాగను. మా గడప లోపలికి ఆ సీసా రాదు. మా చిన్నాన్న రెండెకరాలు సారా బాకీల కిందే పోయాయి. పరాయివాళ్ళదైపోయిన ఆ పొలం గట్టు మీద నుంచే నేను బడికి నడిచేవాణ్ణి. 1992లో నెల్లూరు జిల్లా దూబగుంట ఆడవాళ్ళు సారా మీద తిరగబడ్డారు, మరుసటి ఏడాది అక్టోబరులో రాష్ట్రమంతా సారా నిషేధం వచ్చింది. మా అమ్మ ఆ రోజుల గురించి ఇప్పటికీ పండగలా చెబుతుంది. కాబట్టి ఇది తాగమని చెప్పే వ్యాసం కాదు. ఇంట్లో కాచుకోమని అసలే కాదు, అది నేరం. పండించినవాడి చేతిలోంచి పంట ఎక్కడ జారిపోతోంది? నా బాధంతా దాని గురించే. దానికి నాకు దొరికిన మంచి ఉదాహరణ అనుకోకుండా విస్కీ అయ్యింది, అంతే.

ఒక దీవి, ఒక పొలం

స్కాట్లాండ్ పడమటి తీరంలో ఐలా అనే దీవి ఉంది. జనాభా మూడు వేల పైచిలుకు, అంటే మన దగ్గర ఓ మోస్తరు పంచాయతీ అంత. ఎప్పుడూ గాలి, వాన, సముద్రపు ఉప్పు తుంపర. చెట్లు తక్కువ. అక్కడి రైతులు బార్లీ వేస్తారు, గొర్రెల్నీ ఆవుల్నీ మేపుతారు. చలికాలం వస్తే గ్రీన్‌లాండ్ నుంచి వేలకి వేలు అడవి బాతులు వచ్చి పచ్చిక బీళ్ళ మీద పడతాయి. మనకి పందులు, కోతులు ఎలాగో వాళ్ళకి అవి అలాగ.

ఈ దీవి విస్కీకి పేరు మోసింది. అక్కడ 2005లో ఆంథొనీ విల్స్ అనే ఆయన రాక్‌సైడ్ అనే వ్యవసాయ క్షేత్రంలో కిల్‌హోమన్ అనే చిన్న డిస్టిలరీ మొదలుపెట్టారు. 124 ఏళ్ళ తర్వాత ఆ దీవిలో కట్టిన మొదటి కొత్త డిస్టిలరీగా దాన్ని చెప్పుకుంటారు. ఆయన పట్టిన పట్టు ఏంటంటే, అంతా కాకపోయినా కొంత సరుకైనా, బార్లీ విత్తడం దగ్గర్నుంచి సీసాకి మూత బిగించేదాకా ఆ ఒక్క చోటే జరగాలి. అలా తయారైన దానికి '100% ఐలా' అని పేరు పెట్టి 2011లో మొదటిసారి బయటికి తెచ్చారు.

మాల్ట్ అంటే కంగారు పడకండి. రాగి మాల్ట్ చేసే ప్రతి ఇంటికీ ఈ పని సగం తెలిసినట్టే. రాగులు నానబెట్టి, తడి గుడ్డలో మూట కట్టి, మొలక రాగానే ఎండబెట్టి విసురుతాం. గింజ మొలిచేటప్పుడు లోపల ఎంజైములు నిద్ర లేస్తాయి. పిండిని చక్కెరగా మార్చేవి అవే. బార్లీకీ అంతే. నానిన గింజల్ని గచ్చు మీద పరుస్తారు. వేడెక్కి ముక్కిపోకుండా, వేళ్ళు ఒకదానికొకటి పెనవేసుకోకుండా, పగలూ రాత్రీ గంటల లెక్కన తిరగేస్తూ ఉంటారు. కల్లంలో వడ్లు తిరగేసిన చేతులకి ఆ కష్టం వేరే చెప్పక్కర్లేదు. చాలా డిస్టిలరీలు ఈ పని ఎప్పుడో మానేసి పెద్ద ఫ్యాక్టరీల నుంచి మాల్ట్ కొనుక్కుంటున్నాయి. వీళ్ళు తమ పొలం గింజకి మాత్రం ఇంకా గచ్చు మీదే చేస్తున్నారు.

మొలక సరిపడా వచ్చాక పొగతో, వేడి గాలితో ఆరబెట్టి ఆపేస్తారు. ఆ తర్వాత రవ్వలా ఆడించి వేడి నీళ్ళలో కలిపి తియ్యటి నీరు దింపుతారు, ఈస్టు వేసి కొన్ని రోజులు పులియబెడతారు, పెద్ద పెద్ద రాగి బానల్లో రెండుసార్లు బట్టీ పెడతారు. వచ్చినదాన్ని ఓక్ చెక్క పీపాల్లో పోసి ఏళ్ళ తరబడి ఉంచుతారు. తియ్యటి నీరు దింపాక మిగిలిన పిప్పి పశువుల మేతకి పోతుంది. మనింట్లో తవుడు, చిట్టు ఎలాగో అది అలాగ.

నాకు నచ్చిన మొదటి సంగతి: కలపకపోవడం

కిల్‌హోమన్‌కి కావలసిన గింజంతా సొంత పొలంలో పండదు. మిగతాది పెద్ద మాల్టింగ్ ఫ్యాక్టరీ నుంచి కొంటారు. కొన్న మాల్ట్‌కి పొగ ఎక్కువ, సుమారు 50 పీపీఎం. సొంత మాల్ట్‌కి తక్కువ, సుమారు 20. పీపీఎం అంటే గింజ పట్టుకున్న పొగ పదార్థాల లెక్క అన్నమాట.

ఇక్కడ చూడండి. సొంత గింజది వేరే సీసా, కొన్న గింజది వేరే సీసా. రెండిటికీ వేర్వేరు పేర్లు. పక్కనున్న సముద్రపు ఒడ్డు పేరు మాకిర్ బే, దగ్గర్లో ఉన్న చెరువు పేరు లోక్ గోర్మ్. ఆ పేర్లు కూడా సీసాల మీదికి ఎక్కాయి. కానీ '100% ఐలా' అన్న పేరు మాత్రం తమ గింజకే పెడతారు, కొన్నదానికి పెట్టరు.

ఇది చదివిన రోజు నాకు రాత్రి నిద్ర పట్టలేదు. కారణం చెబుతాను.

నాలుగేళ్ళ కిందట మా నవార వడ్లు ఒక వ్యాపారికి అమ్మాం. ఆయన వాటిని వేరే బియ్యంతో కలిపి, మా వీడియోలోని ఫొటో అంటించి అమ్మాడు. హైదరాబాదు నుంచి ఒకావిడ ఫోన్ చేసి, "తమ్ముడూ, మా నాన్నగారి షుగర్ కోసమని తీసుకుంటున్నాం, ఈసారి వండితే అన్నం తెల్లగా వచ్చింది, ఏంటిది?" అని అడిగింది. నాకు తల కొట్టేసినట్టయింది. ఆ కోపంతోనే పదకొండు కుటుంబాలం కలిసి సంఘం పెట్టుకున్నాం, అప్పు చేసి మిషను కొన్నాం.

బాగానే ఉంది. మరి నిరుడు ఏమైంది? సంక్రాంతి దాటేసరికి మా బహురూపి అయిపోయింది. ఆర్డర్లు ఇంకా వస్తున్నాయి. పక్క మండలంలో తెలిసిన రైతు దగ్గర ఐదు బస్తాలు ఉన్నాయంటే తెచ్చాను. ఆయనా ప్రకృతి వ్యవసాయమే, మంచి మనిషే. కానీ ఆ పొలం నేను చూడలేదు. ఆ వడ్లు ఆడించి మా సంచిలోనే పోసి, మా ఊరి పేరుతోనే పంపాను. ఎవరూ అడగలేదు. ఏ ఫోనూ రాలేదు.

వ్యాపారి చేసిందీ అదే, నేను చేసిందీ అదే. ఆయన పొట్టకోసం చేశాడు, నేను ఆర్డర్ పోకూడదని చేశాను. తేడా ఏముంది? ఇది ఈ రోజు మొదటిసారి బయటికి చెబుతున్నాను. మా సంఘంలో వాళ్ళు కూడా ఇక్కడే చదువుతారు.

సంచి మీద ఇంకో పేరు రాసి, "ఇది ఫలానా ఊరి వడ్లు, మా పొలానివి కావు" అని పెడితే పోయేదేముంది? మహా అయితే నాలుగు ఆర్డర్లు పోతాయి.

రెండో సంగతి: మిల్లు ఎవరిది?

ఇప్పుడు అందరూ చెప్పే మాట ఒకటుంది, "విలువ జోడించండి" అని. ట్రైనింగుల్లో వింటాం, నేను డిప్లొమా చదివేటప్పుడూ విన్నాను. కిల్‌హోమన్‌ని కూడా ఈ మాటకే ఉదాహరణగా చెప్పెయ్యొచ్చు. కానీ కథ సరిగ్గా చూస్తే వేరేగా ఉంది.

ఆంథొనీ విల్స్ రైతుగా మొదలవ్వలేదు. అంతకు ముందు ఆయనది విస్కీ వ్యాపారమే. డిస్టిలరీ పెట్టినప్పుడు ఆ పొలం వాళ్ళది కాదు. పదేళ్ళ తర్వాత, 2015లో, రాక్‌సైడ్ పొలాన్ని డిస్టిలరీ కొనేసింది. అంటే రైతు ఎదిగి డిస్టిలరీ పెట్టుకోలేదు, డిస్టిలరీ ఎదిగి పొలం కొనుక్కుంది. అక్కడ అది మంచికే జరిగి ఉండొచ్చు, పొలం సాగులోనే ఉంది, పశువులూ ఉన్నాయి. కానీ మన ఊళ్ళో అదే జరిగితే ఎలా ఉంటుందో ఒక్కసారి ఊహించుకోండి. మిల్లు వచ్చి పొలాన్ని కొనుక్కుంటే ఆ పొలం రైతు ఏమవుతాడు?

అదే దీవిలో ఇంకో దారి కూడా ఉంది. బ్రూక్‌లాడీ అనే పాత డిస్టిలరీ 1994లో మూతపడి 2001లో మళ్ళీ తెరుచుకుంది. వాళ్ళు పొలాలు కొనకుండా దీవి రైతులతో మాట్లాడుకున్నారు: మీరు బార్లీ వెయ్యండి, మేం కొంటాం, ఏ పొలానిదో చెప్పి అమ్ముతాం అని. సేంద్రియ బార్లీతోనూ, బయోడైనమిక్ బార్లీతోనూ విడివిడిగా చేశారు. స్కాట్లాండ్‌లో 'బేర్' అని ఒక పాతకాలపు నాటు బార్లీ ఉంది. దిగుబడి తక్కువ, కాడ పొడుగు, గాలికి పడిపోతుంది. మన దేశవాళీ వరికి చుట్టం అనుకోండి. ఆర్క్‌నీ దీవుల్లో దాన్ని పండించే రైతుల దగ్గర కొని దాన్ని కూడా విడిగానే సీసాకెక్కించారు. దిగుబడి తక్కువైన విత్తనం బతకాలంటే దాని పేరు కొనేవాడికి తెలియాలి. అది మనకి తెలియని సంగతేం కాదు. నవార, మైసూర్ మల్లిగ, కుజీ పటాలియా మన దగ్గర మళ్ళీ లేచి నిలబడ్డాయంటే పేరు పెట్టి అడిగి కొనేవాళ్ళు వచ్చారు కాబట్టే.

అయితే అక్కడా ఒక మెలిక ఉంది. బ్రూక్‌లాడీని 2012లో రెమీ కాంట్రో అనే పెద్ద ఫ్రెంచి కంపెనీ కొనేసింది. స్థానిక బార్లీ పద్ధతి ఆగిపోలేదు, అది సంతోషమే. కానీ రేపు అది సాగాలా ఆగాలా అన్న మాట దీవి రైతు చేతిలో లేదు కదా.

నా అభిప్రాయం సూటిగా చెబుతున్నాను. మిల్లు మనల్ని కొనక ముందే మనం కలిసి మిల్లు పెట్టుకోవాలి. అది చిన్నదైనా పర్వాలేదు, రోజుకి నాలుగు బస్తాలు ఆడినా పర్వాలేదు. అరకు కాఫీకి 2019లో, తాండూరు కందికి 2022లో భౌగోళిక గుర్తింపు వచ్చింది. పేరు వచ్చింది సరే, మంచిదే. కానీ ఆ పేరు రైతు ఇంటికి డబ్బు తేవాలంటే ఆరబెట్టడం, ఆడించడం, సంచి కుట్టడం రైతుల చేతిలో ఉండాలి. గింజ లారీ ఎక్కిందంటే పేరూ దాంతోపాటే లారీ ఎక్కుతుంది.

మూడో సంగతి: పొగ. ఇక్కడ నేను వాళ్ళతో ఒప్పుకోను

ఐలా విస్కీ అంటే పొగ వాసన. ఆ పొగ పీట్ అనే మట్టి నుంచి వస్తుంది. ఎప్పుడూ నీళ్ళు నిలిచే నేలల్లో నాచు, గడ్డి చచ్చి సగం కుళ్ళి ఆగిపోతే ఏర్పడేది పీట్. గాలి ఆడకపోతే కుళ్ళడం ఎలా ఆగిపోతుందో కంపోస్టు గుంతలో వాన నీళ్ళు నిలిచిన ప్రతి రైతుకీ తెలుసు. దీవిలో చెట్లు లేవు, బొగ్గు లేదు. కాబట్టి ఆ మట్టిని ఇటుకల్లా కోసి, ఎండబెట్టి, పొయ్యిలో కాల్చేవాళ్ళు. గింజ ఆరబెట్టడానికీ అదే వాడారు. పొగ గింజకి పట్టింది. మొదట గత్యంతరం లేక పట్టిన వాసన తర్వాత అదే గొప్పైపోయింది. మన దాలిలో పిడకల సెగ మీద రోజంతా కాగిన పాలకి ఎర్రటి మీగడ, ఆ పొగ వాసన వచ్చేవి చూడండి, అలాంటిదే. గ్యాసు స్టౌ మీద ఎంత కాచినా ఆ రుచి రాదు.

ఇంతవరకూ ముచ్చటగానే ఉంది. కానీ పిడక వేరు, పీట్ వేరు. పిడక ఇవాళ్టి పేడ, రేపు ఆవు మళ్ళీ వేస్తుంది. పీట్ ఏడాదికి సుమారు ఒక మిల్లీమీటరు పేరుకుంటుంది. ఒక మీటరు తవ్వారంటే వెయ్యేళ్ళ మట్టి తవ్వినట్టు. అడుగు పొర ఏర్పడేనాటికి ఇక్కడ రాజమహేంద్రవరంలో నన్నయ గారు భారతం తెనిగించడం మొదలుపెడుతున్నారు! ప్రపంచంలో నేల మొత్తం మీద పీట్ నేలలు 3 శాతమే, కానీ అడవులన్నిటికంటే ఎక్కువ కర్బనం వాటిలోనే దాగి ఉంది. దాన్ని కాల్చి వాసన కోసం గింజకి పట్టించడం, సేంద్రియ కర్బనం అర శాతం నుంచి ముప్పావు శాతానికి పెంచడానికి ఏళ్ళ తరబడి ఆచ్ఛాదన వేసుకుంటున్న నాకు మింగుడు పడదు.

అన్యాయంగా మాట్లాడకూడదు కాబట్టి ఇది కూడా చెప్పాలి. బ్రిటన్‌లో తవ్వే పీట్‌లో ఎక్కువ భాగం విస్కీకి కాదు, తోటలకీ నర్సరీలకీ కుండీల మట్టిగా పోతుంది. దానికి బదులుగా యూరప్ నర్సరీలు వాడేవాటిలో మన కొబ్బరి పొట్టు ఒకటి. మనం నారు ట్రేలలో వాడే కోకోపీట్ పేరులో ఉన్న పీట్ ఇదే. కోనసీమ కొబ్బరి పీచు తీసేచోట గుట్టలుగా పడి ఉండే ఆ పొట్టు వెయ్యేళ్ళ మట్టికి ప్రత్యామ్నాయం అయ్యింది. మన చెత్త విలువ మనకంటే ముందు దూరదేశం వాళ్ళు కనిపెట్టారు, అది వేరే సంగతి.

నేను చెప్పేది ఇదే: ఒక పద్ధతి పాతది అయినంత మాత్రాన మంచిది అయిపోదు. మన దగ్గర కూడా "తాతల నాటిది" అనగానే చేతులు జోడించేస్తాం. తాతలు కొందరు గడ్డి కూడా కాల్చారు. ఏది మట్టికి పెడుతుంది, ఏది మట్టి నుంచి లాగేస్తుంది అని లెక్క చూసుకున్నాకే పాతదాన్ని నెత్తిన పెట్టుకోవాలి. నా మటుకు నేను వాళ్ళ దగ్గర గచ్చూ, పేరూ తీసుకుంటాను. పీట్ వద్దంటాను.

చివరిది: ఓపికకి డబ్బు కావాలి

స్కాచ్ అని పేరు పెట్టాలంటే కనీసం మూడేళ్ళు ఓక్ పీపాలో, స్కాట్లాండ్‌లోనే ఉండాలని చట్టం. సింగిల్ మాల్ట్ అంటే ఒకే డిస్టిలరీలో మొలకెత్తిన బార్లీ, నీళ్ళు, ఈస్టుతో మాత్రమే చెయ్యాలి. కిల్‌హోమన్‌లో 2005 డిసెంబరులో మొదటి సరుకు దిగితే సింగిల్ మాల్ట్ అని అమ్మింది 2009లో. ఈలోగా పీపాలో నుంచి ఏడాదికి సుమారు 2 శాతం గాల్లో ఆవిరైపోతుంది. దాన్ని వాళ్ళు దేవతల వాటా అంటారు. మన వడ్లలో వాటా ఎలకలది!

అంతకాలం ఆగడానికి వాళ్ళ దగ్గర పెట్టుబడి ఉంది. మన దగ్గర కోత కోసిన వారానికే ట్రాక్టరు కిరాయి, కూలీలు, పిల్లల ఫీజు. దేశవాళీ బియ్యం ఆరునెలలు మాగితేనే అన్నం పొడిపొడిగా వస్తుందని మనకి తెలుసు. అయినా కల్లంలోనే అమ్మేస్తాం. ఆగలేక. రైతుకి ఓపిక లేక కాదు, చేతిలో డబ్బు లేక.

సరిగ్గా ఇక్కడే మా సంఘం ఇప్పుడు ఇరుక్కుంది. ఒక కంపెనీ వాళ్ళు వచ్చారు. పదకొండు కుటుంబాల వడ్లు మొత్తం కొంటాం, విత్తకముందే సగం డబ్బు ఇస్తాం అన్నారు. షరతు ఒక్కటే, సంచి మీద మా ఊరి పేరు, మా పేర్లు ఉండవు. మా వాళ్ళలో ఆరుగురు సరే అంటున్నారు. వాళ్ళని నేను తప్పు పట్టలేను. మా పెదనాన్న కొడుకు మొహం మీదే అడిగాడు: "తమ్ముడూ, పేరు పెట్టి అన్నం వండుకుంటామా? నీకు వీడియోలున్నాయి, మాకేమున్నాయి?"

దానికి నా దగ్గర పూర్తి జవాబు లేదు. ఉన్నంతలో ఒక దారి చూస్తున్నాను. ఈ నెలాఖరు సమావేశంలో ఇదే అడుగుతాను: కంపెనీకి సగం ఇద్దాం, ఆ అడ్వాన్సుతో అప్పు వడ్డీ కట్టుకుందాం. మిగతా సగం మన గచ్చు మీదే ఆరబెట్టి, ఆరునెలలు మాగబెట్టి, ఎవరి పొలానిదో వాళ్ళ పేరుతోనే అమ్ముదాం. తక్కువైతే తక్కువైందని చెబుదాం, బయటి వడ్లు మాత్రం మన సంచిలో పొయ్యొద్దు. దానికి ముందు నా ఐదు బస్తాల సంగతి అందరి ముందూ నేనే చెబుతాను. అది చెప్పకుండా ఈ మాటలు మాట్లాడే అర్హత నాకు లేదు.

వాళ్ళు ఒప్పుకుంటారో లేదో తెలీదు. ఏమైందో తర్వాతి వీడియోలో దాచకుండా చెబుతాను. మీ ఊళ్ళో ఎవరైనా ఇలా సగం సగం చేసి నిలబడ్డవాళ్ళు ఉంటే దయచేసి కింద రాయండి. నాకు ఇప్పుడు మెప్పు అక్కర్లేదు, నలుగురికీ చూపించడానికి ఒక్క లెక్క కావాలి.

ఇట్లు,
మీలో ఒక రైతు